శ్రావణం దాకా దిగనన్న అధ్యక్షుడు

2017 బదిలీల్లో నన్ను కాగజ్‌నగర్ పక్కనున్న ఒక మండలానికి ఎంపీడీవోగా వేశారు. మండలం పేరు రాయను. రాస్తే అక్కడి పెద్దమనుషులు ఇప్పటికీ నాతో తగువుకు వస్తారు. ఈ వయసులో నాకు మోకాళ్ల నొప్పులే చాలు. మాది హుజూరాబాద్. అటు పోస్టింగు అనగానే మా ఆఫీసులో వీడ్కోలు సభ పెట్టి రెండు దుప్పట్లు, ఒక ఫ్లాస్కు ఇచ్చారు, నన్నేదో కాశీయాత్రకు పంపుతున్నట్టు. అవి రెండూ బాగానే పనికొచ్చాయి.

ఎంపీడీవో అంటే మండల పరిషత్ అభివృద్ధి అధికారి. ఊళ్ల నుంచి ఎంపీటీసీ సభ్యులు ఎన్నికవుతారు, వాళ్లు తమలో ఒకరిని మండల పరిషత్ అధ్యక్షుడిగా ఎన్నుకుంటారు. ఆ సభకు కార్యదర్శిలాంటి వ్యక్తి ఎంపీడీవో. అధ్యక్షుడు ప్రజల మనిషి, ఎంపీడీవో సర్కారు మనిషి. సమావేశం ఎప్పుడు పెట్టాలో అధ్యక్షుడు చెప్తాడు, దాన్ని పిలిచే నోటీసు మీద సంతకం మాత్రం ఎంపీడీవోది. ఇద్దరికీ పొసగితే పనులు నడుస్తాయి. పొసగకపోతే ఎంపీడీవో బదిలీ అవుతాడు. అధ్యక్షుడు బదిలీ కావడం నా ముప్పై ఏళ్ల పైచిలుకు సర్వీసులో నేను చూడలేదు.

అప్పుడు మా అధ్యక్షుడు దిగంబర్ పటేల్. అరవై దాటిన మనిషి, తెల్లని ధోవతి, భుజాన కండువా, మాటకు ముందు ఒక నవ్వు. చెడ్డవాడని నేను అనను. ఊళ్లకు బోర్లు వేయించాడు, వరద వచ్చినప్పుడు మోకాలి లోతు నీళ్లలో నిలబడ్డాడు. కానీ కుర్చీని ఇంటి నుంచి తెచ్చి వేసుకున్నట్టు మాట్లాడేవాడు. నా మండలం, నా ఆఫీసు, నా ఎంపీడీవో అనేవాడు. మూడోది విన్నప్పుడల్లా నాకు ఒళ్లు మండేది.

ఆయన గదిలో గోడకు ఒక చెక్క బోర్డు ఉండేది. ఇంతవరకు పనిచేసిన అధ్యక్షుల పేర్లు, ఎప్పటి నుంచి ఎప్పటి వరకు అన్నది దాని మీద తెల్ల రంగుతో రాసి ఉండేవి. పటేల్ పేరు పక్కన 2014 శ్రావణ మాసంలో ఒక తేదీ ఉంది. నిజానికి ఆయన ఎన్నికైంది, ప్రమాణం చేసింది జులై మొదటి వారంలో, అంటే ఆషాఢంలో. ప్రభుత్వం ఆ తేదీ వేసింది, అందరూ వచ్చారు, ప్రమాణం అయిపోయింది. కానీ ఆషాఢంలో కుర్చీ ఎక్కనని పటేల్ ఇంటికి వెళ్లిపోయాడు. శ్రావణం వచ్చాక మంచి రోజు చూసుకుని బాజాలతో, దండలతో వచ్చి కూర్చున్నాడు. ఆషాఢంలో మనవాళ్లు పెళ్లి చేయరు, కొత్త ఇంట్లో పాలు పొంగించరు, కొత్త కోడలిని అత్త ఉన్న ఇంట ఉంచరు. పదవిని కూడా కొత్త కోడలి లెక్కలోనే వేశారన్నమాట. ఆ రోజుల్లో ఉన్న ఎంపీడీవో ఎందుకొచ్చిన గొడవని బోర్డు మీద శ్రావణం తేదీ రాయించాడు.

ఇక్కడ ఒక నియమం చెప్పాలి. పంచాయతీరాజ్‌లో పనిచేసినవాళ్లకు ఇది కంఠస్థం, బయటివాళ్లకు తెలియదు. ఎన్నికైన సభకు ఐదేళ్ల కాలం దాని మొదటి సమావేశానికి నిర్ణయించిన తేదీ నుంచి మొదలవుతుంది. ఎన్నికల ఫలితం వచ్చిన రోజు నుంచి కాదు, కుర్చీలో కూర్చున్న రోజు నుంచి అసలే కాదు. శాసనసభకూ ఇదే సూత్రం. మధ్యలో ఉప ఎన్నికలో గెలిచి వచ్చిన ఎమ్మెల్యేకు మిగిలిన కాలమే దక్కుతుంది తప్ప కొత్తగా ఐదేళ్లు రావు. మా హుజూరాబాద్ వాళ్లకు ఉప ఎన్నికలు అలవాటే కనుక ఈ సంగతి చాయ్ హోటల్లో కూర్చున్నవాళ్లు కూడా చెప్తారు. రాజ్యాంగంలో ఆ ఐదేళ్ల మాట పక్కనే ఇంకో చిన్న మాట ఉంది: అంతకు మించి కాదు. నాకు మొత్తం పుస్తకంలో అన్నిటికంటే నచ్చిన మాట అది.

2019 ఎండాకాలంలో కొత్తగా ఎన్నికలు జరిగాయి. మా మండలం అధ్యక్ష పదవి ఈసారి మహిళలకు రిజర్వు అయింది. పటేల్ తన భార్యను ఎంపీటీసీగా నిలబెట్టాడు, ఆమె ఓడిపోయింది. పెద్దవాగు అవతలి ఊరి నుంచి గెలిచిన సుశీలాబాయిని సభ్యులు అధ్యక్షురాలిగా ఎన్నుకున్నారు. నలభై ఏళ్ల మనిషి, పత్తి రైతు. అయితే పాత సభ కాలం ఇంకా కొద్ది రోజులు ఉంది కాబట్టి కొత్తవాళ్లు ఆగాలి. కొత్త సభ మొదటి సమావేశానికి ప్రభుత్వం తేదీ వేసింది. ఐదేళ్ల కిందటిలాగే జులై మొదటి వారం. ఐదేళ్ల కిందటిలాగే ఆషాఢం.

ఆ తేదీకి రెండు వారాల ముందు పటేల్ నన్ను తన గదికి పిలిచాడు. సర్వసభ్య సమావేశానికి నోటీసు తీయమన్నాడు. ఎజెండాలో ఒకే అంశం. మా ఆఫీసు ప్రహరీకి రోడ్డు వైపు ఆరు మడిగెలు, అంటే చిన్న దుకాణాల గదులు, ఉన్నాయి. మండల పరిషత్ వాటిని కిరాయికి ఇచ్చింది. అవి శిథిలమైపోయాయని, కూల్చివేసి ఆ జాగాను పెట్రోలు బంకుకు దీర్ఘకాలిక లీజుకు ఇవ్వాలని తీర్మానం. బంకు పెట్టేది పటేల్ అల్లుడని మండలంలో పిల్లాపెద్దా అందరికీ తెలుసు. అత్త సొమ్ము అల్లుడు దానం చేయడం మనం విన్నాం. ఇక్కడ మండలం సొమ్మును మామ అల్లుడికి దానం చేస్తున్నాడు. అన్నాళ్లూ సభ్యులు తమలో తాము తగాదా పడి ఈ అంశాన్ని ముందుకు పోనివ్వలేదు. ఇప్పుడు దిగిపోయే సభ్యులకు పోయేదేమీ లేదు కాబట్టి పటేల్ వాళ్లందరినీ ఒక్క మాట మీదికి తెచ్చుకున్నాడు.

నన్ను ఆపింది అంశం కాదు, తేదీ. ఆయన చెప్పిన రోజు కొత్త సభ మొదటి సమావేశం అయిపోయిన తర్వాతి వారంలో ఉంది. ఆ రోజుకు మీ కాలం తీరిపోతుంది కదా అన్నాను. ఆయన నవ్వి గోడ మీది బోర్డు చూపించాడు.

“గా బోర్డు జర సదువుండ్రి మేడం. నేను శ్రావణంల కూసున్న. శ్రావణంలనే ఐదేండ్లు నిండుతయ్. నడుమ గీ ఆషాఢం నాదే.”

“కూర్చున్నది మీ ఇష్టం పటేల్ గారూ. లెక్క మీ ఇష్టం కాదు,” అన్నాను.

“కొత్తోళ్లు వస్తే నేను అడ్డం కూసుంటనా? ఆల్లు గూడ శ్రావణంలనే ఎక్కుతరట. సుశీల పెనిమిటి విఠల్‌తోని నిన్ననే మాట్లాడిన. ఇగ నెల రోజులు కుర్చీ ఉత్తగ ఎందుకుంచుడు?”

నాకు అసలు సంగతి అప్పుడు అర్థమైంది. దిగాల్సినవాడు దిగనంటే తగాదా వస్తుంది, తగాదా వస్తే నియమం బయటికొస్తుంది. ఇక్కడ తగాదా లేదు. దిగాల్సినవాడికి శ్రావణం కావాలి, ఎక్కాల్సినవాళ్లకూ శ్రావణమే కావాలి. ఇద్దరికీ మధ్య చక్కని ఒప్పందం కుదిరింది. ఆ ఒప్పందంలో నెలరోజుల అధికారం ఎవరికీ చెందకుండా మిగిలిపోయింది, దాన్ని పటేల్ జేబులో వేసుకుంటున్నాడు.

నోటీసు మీద సంతకం పెట్టనని చెప్పాను. ఆ సాయంత్రమే జిల్లా పరిషత్ నుంచి పై అధికారి ఫోను చేశారు. మర్యాదస్తుడే. కొత్తావిడకే అభ్యంతరం లేనప్పుడు మీకెందుకమ్మా అన్నారు. ఆనవాయితీ అన్నారు. పల్లెల్లో సెంటిమెంట్లు ఉంటాయి, చూసీ చూడనట్టు పోవాలి అన్నారు. అదే మాట కాగితం మీద రాసి పంపండి, పటేల్ గారికి నెల రోజులు పొడిగించానని సంతకం పెట్టండి, నేను వెంటనే నోటీసు తీస్తాను అన్నాను. మీరు మరీ మొండిగా ఉన్నారు అని ఫోను పెట్టేశారు. నోటితో చెప్పే మాటకు చేవ ఎక్కువ, చేత్తో రాయమంటే చెయ్యి వణుకుతుంది. ఉద్యోగంలో నేను ఎన్నో గండాలు గట్టెక్కింది “రాసివ్వండి” అన్న ఒక్క మాటతోనే.

మరునాడు షహనాజ్ నా గదికి వచ్చింది. ఆరు మడిగెల్లో రెండోది ఆమెది. మెడలో కొలత టేపు అలాగే ఉంది, కుట్టుమిషన్ మీది నుంచి లేచి వచ్చిందని తెలుస్తూనే ఉంది. ఆమె భర్త కాగితం మిల్లులో కాంట్రాక్టు పని చేసేవాడు. మిల్లు మూతపడ్డప్పుడు హైదరాబాద్ పోయాడు. ఇక్కడ ఇంటిని, ముగ్గురు ఆడపిల్లల చదువును ఆ మిషన్ మోసింది. మిల్లు మళ్లీ తెరిచినా ఆయన అక్కడే కుదురుకున్నాడు, ఈ ఇంటికి ఆధారం మాత్రం ఆ మడిగెగానే ఉండిపోయింది. చుట్టుపక్కల నాలుగైదు ఊళ్ల ఆడవాళ్లు రవికలు ఆమె దగ్గరే కుట్టించుకునేవారు. ఆఫీసు పని, బ్యాంకు పని, రవిక పని ఒక్క రాకలో అయిపోతాయి కాబట్టి ఆ మడిగె అక్కడుంటేనే గిరాకీ. ఊరి లోపలికి పోతే ఎవరూ వెతుక్కుంటూ రారు.

“మేడం, మా మడిగె ఉంటదా, పోతదా, జర సాఫ్ చెప్పుండ్రి. ఉత్తగ ధైర్యం చెప్పకుండ్రి. పరేషాన్‌ల ఉన్న, ధైర్యం నాకు నేనే చెప్పుకుంటున్న.”

నాకామె మాట నచ్చింది. సాఫ్‌గానే చెప్పాను. కొత్తావిడ అనుకున్న తేదీకి ప్రమాణం చేసి సభను చేతిలోకి తీసుకుంటే పటేల్ పిలిచే సమావేశానికి విలువ లేదు. ఆవిడ శ్రావణం దాకా ఇంట్లో కూర్చుంటే నన్ను సెలవు మీద పంపించి, నా కింది సూపరింటెండెంట్‌తో సంతకం పెట్టించి తీర్మానం చేస్తారు. తర్వాత ఎవరైనా కోర్టుకు పోయి గెలవవచ్చు, కానీ అప్పటికి బుల్డోజరు వచ్చి పోతుంది. షహనాజ్ అంతా విని, అయితే సుశీలాబాయి చేతిలో ఉందన్నమాట అంది. అవునన్నాను.

కొత్త సభ్యులకు మొదటి సమావేశం నోటీసు అందించి, అందినట్టు సంతకం తీసుకోవాలి. మామూలుగా ఆ పని అటెండరు చేస్తాడు. సుశీలాబాయి నోటీసు మాత్రం నేనే తీసుకుని జీపులో వెళ్లాను. అధికారి ఒక సభ్యురాలి ఇంటికి వెళ్లి ఇలా చేయండి, అలా చేయండి అని చెప్పకూడదు. నియమం ఏమిటో చెప్పవచ్చు. అంతవరకే చెప్పాలని దారి పొడుగునా నాకు నేను బుద్ధి చెప్పుకున్నాను.

ఆమె చేనులో ఉంది. ఇంటి ముందు విఠల్, అతని తల్లి ఉన్నారు. విఠల్ గౌరవంగా కుర్చీ వేశాడు, చాయ్ పెట్టించాడు, నేను నోరు తెరవకముందే జవాబు చెప్పేశాడు.

“పటేల్ సాబ్‌కు మాటిచ్చిన మేడం. నెల రోజులకు ఏమైతది? పంతులు గూడ శ్రావణమే మంచిదన్నడు.”

మీరు కూర్చున్నా కూర్చోకపోయినా ఐదేళ్ల లెక్క ఆ రోజే మొదలవుతుంది, ఆ నెల మీ కాలంలోంచే పోతుంది అని చెప్పాను. ఆ నెలలో పటేల్ ఏం చేయబోతున్నాడో ఎజెండాలో ఉన్నది ఉన్నట్టు చదివాను. అతను తల గోక్కున్నాడు. మడిగెల తగువు పటేలుది, మాకెందుకు అన్నాడు. ముసలావిడ నా పక్కన అరుగు మీద కూర్చుని మెల్లగా అంది: “ఆషాఢంల ఎక్కితె ఇంటికి కీడు బిడ్డా. నీకు తెల్వదా, నువ్వు గూడ ఆడిపిల్లవే గద.” ఆమె భయం నిజమైన భయమే. దాన్ని ఎగతాళి చేయడానికి నాకు మనసొప్పలేదు.

అప్పుడే సుశీలాబాయి వచ్చింది. కొంగులో పత్తి గింజలు మూటకట్టి ఉన్నాయి, కాళ్లకు మోకాళ్ల దాకా నల్లరేగడి. నిలబడే అంతా విన్నది. ఒక్కటే అడిగింది.

“గా మడిగెలల్ల షహనాజ్ మిషన్ గూడ ఉన్నదా?”

ఉందన్నాను. నోటీసు తీసుకుని చదువుకుంది, మెల్లగా, పెదవులు కదుపుతూ. తర్వాత అత్త వైపు తిరిగింది.

“పోయినేడు మొదటి వానకు మొలక రాకుంటె ఏం జేసినం అత్తా? ఆషాఢంలనే మళ్ల గింజలు పెట్టినం గద. కీడు అని ఆగినమా? ఆగితె గిప్పుడు ఏం తింటుంటిమి?”

“నేను మాటిచ్చిన గదనే,” అన్నాడు విఠల్. “మాటిచ్చింది నువ్వు. గెలిచింది నేను,” అని ఆమె నా పెన్ను తీసుకుని సంతకం పెట్టింది. నాకు చప్పట్లు కొట్టాలనిపించింది. ప్రభుత్వ ఉద్యోగిని కనుక కాగితాన్ని జాగ్రత్తగా మడిచి సంచిలో పెట్టుకున్నాను. వెనక్కి వస్తూ జీపులో మాత్రం ఒక్కదాన్నే నవ్వుకున్నాను, డ్రైవర్ అద్దంలోంచి చూసినా పట్టించుకోలేదు.

సమావేశం రోజు నేను ఆఫీసు తెరిచేసరికే దిగంబర్ పటేల్ సమావేశ మందిరంలో వేదిక మీది అధ్యక్షుడి కుర్చీలో కూర్చుని ఉన్నాడు. చుట్టూ నలుగురు మనుషులు. గొడవ కాకుండా చూసుకోండి అని పైనుంచి నాకు సందేశం వచ్చి ఉంది. గొడవ కాకుండా చూడమంటే మన శాఖలో ఒకే అర్థం: బలమున్నవాడి వైపు చూడకు. పటేల్ గారూ, ఇది కొత్త సభ మొదటి సమావేశం, మీరు అతిథుల వరుసలో కూర్చోవచ్చు అన్నాను. ఆయన కదల్లేదు. “నేను లెవ్వ. శ్రావణం దాకా నాదే. పోలీసులను పిలుచుకుంటే పిలుచుకో,” అన్నాడు. రెండేళ్లలో మొదటిసారి ఆయన నన్ను నువ్వు అన్నాడు.

పోలీసులను పిలవడం తేలిక. పెద్దమనిషిని భుజాలు పట్టి లేపితే మరునాడు మండలమంతా ఆయన వైపే తిరుగుతుంది, ఆయనకూ అదే కావాలి. సభ్యులు ఒక్కొక్కరే వస్తున్నారు, వేదిక చూసి తలుపు దగ్గరే ఆగిపోతున్నారు. కొందరు మొహమాటంగా లోపలికొచ్చి కూర్చున్నారు, కొందరు బయట చెట్టు కింద సిగరెట్లు వెలిగించారు. సభ్యుల సంఖ్య చాలకపోతే సమావేశం వాయిదా పడుతుంది, పటేల్‌కు అది చాలు. ఎన్నో సమావేశాలు నడిపిన నాకు ఆ రోజు చేతి చెమటకు ప్రమాణ పత్రాలు తడిసిపోయాయి.

సుశీలాబాయి వచ్చింది. వెంట అత్త. ముసలావిడ ఎవరినీ అడక్కుండా మందిరం గుమ్మానికి నిమ్మకాయ, మిరపకాయలు కట్టి లోపలికొచ్చి వెనక వరుసలో కూర్చుంది. సుశీలాబాయి నేరుగా వేదిక దగ్గరికి పోయి పటేల్‌కు వంగి దండం పెట్టింది.

“కాకా, నువ్వు శాన జేసినవ్. శ్రావణంల నేనే నీకు శాలువ కప్పుత. గియ్యాల లెవ్వు.”

“ఆషాఢంల ఎక్కుతవా? నీ ఇంటి మీద మన్ను పడతది.”

“పడితె నా ఇంటి మీదనే పడతది కాకా. షహనాజ్ మడిగె మీద పడకుంటె సాలు.”

పటేల్ కళ్లు మూసుకుని కుర్చీ చేతులు గట్టిగా పట్టుకున్నాడు. ఆమె నా వైపు తిరిగి, “మేడం, గా కుర్చీల కూసుంటెనే అధ్యక్షురాలినా?” అని అడిగింది. కాదు, సరిపడా సభ్యులు కూర్చున్న సమావేశంలో ప్రమాణం చేస్తే చాలు, కుర్చీ ప్రస్తావన చట్టంలో ఎక్కడా లేదు అన్నాను. ఆమె మందిరం రెండో చివరికి, వెనక గోడ దాకా నడిచింది. అక్కడున్న బల్ల మీద కూర్చుని, “ఇగ ఇటు తిరుగుండ్రి,” అంది.

మొదట తిరిగింది ఆమె అత్త. వెనక వరుసలో ఉంది కాబట్టి కుర్చీ తిప్పుకుంటే కోడలు ఎదురుగానే ఉంది. తర్వాత ఒక సభ్యుడు లేచి కుర్చీ తిప్పాడు. ఇంకొకరు తిప్పారు. నేల మీద ఇనుప కుర్చీలు ఈడ్చుకుంటున్న చప్పుడుకు చెట్టు కింద ఉన్నవాళ్లు కూడా లోపలికొచ్చారు. కాసేపట్లో మందిరమంతా వెనక్కి తిరిగిపోయింది. వేదిక వెనకైపోయింది. నేను పత్రాలు తీసుకుని ఆ చివరికి పోయాను, హాజరు తీసుకున్నాను, ఒక్కొక్కరి చేత ప్రమాణం చేయించాను. చివర్న సుశీలాబాయి చేత. ఆమె గొంతు ఎక్కడా తడబడలేదు.

పటేల్ ఆ వీపుల వైపు చూస్తూ కూర్చున్నాడు. చాయ్ వచ్చినప్పుడు అటెండరు ట్రే పట్టుకుని ఎటు పోవాలో తెలియక నడుమ నిలబడిపోయాడు. ముందుగాల కాకాకు ఇయ్యి అంది సుశీలాబాయి. పటేల్ చాయ్ తాగలేదు. లేచి, కండువా సవరించుకుని, పక్క తలుపు నుంచి వెళ్లిపోయాడు. ఆయనను చూస్తే నాకు జాలేసింది. కానీ ఆ జాలితో ఒక్క నోటీసు మీద సంతకం పెట్టి ఉంటే ఎవరి మిషన్ రోడ్డున పడేదో కూడా నాకు తెలుసు.

ఆయన వెళ్లగానే సుశీలాబాయి, మడిగెలు అట్లనే ఉండాలని ఇప్పుడే తీర్మానం రాయమంది. రాయనన్నాను. ఆ అంశం నేటి ఎజెండాలో లేదు, నోటీసు ఇవ్వాలి, గడువు ఉండాలి. ఆమెకు నా మీద బాగా కోపమొచ్చింది.

“పటేలుకు చెప్పిన రూలే నాకు గూడనా?”

“అదే రూలు,” అన్నాను. “మీకు ఇంకోటి ఉంటే ఇన్నాళ్లూ నేను ఆయనతో కొట్లాడింది ఎందుకు?”

గొణుక్కుంటూనే ఒప్పుకుంది. నోటీసు తీశాను, గడువు తీరాక సమావేశం పెట్టాం, ఆషాఢం వెళ్లకముందే తీర్మానం అయింది. ఆరు మడిగెల కిరాయి ఒప్పందాలు కొనసాగాయి, పైకప్పులకు మరమ్మతు మంజూరైంది. షహనాజ్ నాకొక రవిక కుట్టిచ్చింది. కుట్టుకూలి తీసుకోనంటే నేను రవిక తీసుకోనన్నాను, ఆమె మొండితనం నా మొండితనం పోటీపడ్డాయి, చివరికి తీసుకుంది. శ్రావణంలో సుశీలాబాయి అన్న మాట ప్రకారం పటేల్ ఇంటికి శాలువా పట్టుకుని పోయిందట. ఆయన కప్పించుకున్నాడో లేదో నేను చూడలేదు. అప్పటికే నాకు బదిలీ వచ్చింది.

పరిపాలనా కారణాల వల్ల అని ఉత్తర్వులో రాశారు. చొప్పదండి పక్క మండలం. శిక్ష అనుకుని ఇచ్చారు, మా ఇంటికి దగ్గరైంది. ఫ్లాస్కు, దుప్పట్లు నా స్థానంలోకి వచ్చిన ఎంపీడీవోకు ఇచ్చేశాను. ఈ కొత్త చోటు నుంచే ఉద్యోగ విరమణ చేశాను.

2024 జులైలో సుశీలాబాయి ఫోను చేసింది. ఆమె సభకు ఐదేళ్లు నిండాయి. కొత్త సభకు ఎన్నికలే జరగలేదు. మండల పరిషత్తులన్నీ ప్రత్యేకాధికారుల చేతిలోకి వెళ్తున్నాయి. ప్రత్యేకాధికారి అంటే తన సొంత శాఖ పనితో పాటు దీన్ని కూడా చూసుకునే జిల్లా అధికారి.

“ఇంకెవలు లేరు గదా, ఇంకొన్ని రోజులు నువ్వే కూసో అంటుండ్రు మేడం.”

ఐదేళ్లు, అంతకు మించి కాదు అని నేను మొదలుపెట్టబోయాను. ఆమె నడుమనే ఆపింది. “తెలుసు మేడం. దిగినంకనే ఫోన్ జేస్తున్న. నేను టైముకు దిగిన. నా జాగల ఎక్కేటోళ్లు టైముకు ఎందుకు రాలే? గది అడుగుదామని చేసిన.”

పాత సభ కాలం తీరకముందే కొత్త ఎన్నిక పూర్తి కావాలని కూడా అదే పుస్తకంలో, అదే చోట ఉంది. ఆ మాట చెప్పాను. ఉన్నదని నాకూ తెలుసు అంది. పక్కనే షహనాజ్ ఉన్నట్టుంది, ఫోను ఆమెకిచ్చింది. మడిగె పైకప్పు మళ్లీ కురుస్తోందట. ప్రత్యేకాధికారి ఎప్పుడొస్తారో ఎవరికీ తెలియదట. “ఎలక్షన్ల ఓటడిగినోళ్లను నేను అడగొచ్చు మేడం. నన్ను ఓటే అడగనాయనను ఏమని అడగాలె?” అంది. నేను ఆమెకు సాఫ్‌గానే చెప్పాను, దీనికి నాకు కూడా దారి తెలియదని.

ఉద్యోగం నాకు నేర్పింది ఇది. కాలం తీరినవాణ్ణి లేపడం ఈ పనిలో సగం. కొత్తవాళ్లను వేళకు కూర్చోబెట్టడం మిగతా సగం. మొదటి సగం చేసినందుకు నాకు బదిలీ ఇచ్చారు. రెండో సగం చేయనివాళ్లకు ఏమిచ్చారో ఎవరైనా రాసివ్వండి, చదువుతాను.